న్యూయార్క్ తుక్కు, గూడూరు కమ్మీలు: ప్రాజెక్టు డైరీ

మే చివరి వారం

రోడ్డు వెడల్పు పనుల్లో గూడూరులోని అమ్మ ఇంటి ముందు వరండా పోతోంది. రెండు పిల్లర్లు, వాటి మీద బీమ్, స్లాబ్‌లో ఒక ముక్క, కిటికీ గ్రిల్. నష్టపరిహారం గొడవ అన్నయ్య చూసుకుంటున్నాడు. నా కన్ను మాత్రం లోపలున్న ఇనుము మీదే. ఆ వరండా కట్టింది 2002లో.

ఆ సంవత్సరం మీద నాకెందుకంత పట్టుదలో చెప్పాలి. 2001 సెప్టెంబరు 11న న్యూయార్క్‌లో కూలిన వరల్డ్ ట్రేడ్ సెంటర్ ఉక్కులో కొంత తుక్కుగా ఆసియాకు వచ్చింది. చైనాలోని బావోస్టీల్ కంపెనీ ఒక్కటే 50 వేల టన్నులు కొన్నది. మన దేశానికి వచ్చిన సరుకు 2002 మొదట్లో చెన్నై రేవులో దిగింది. 30 వేల టన్నులకు పైనే అని అప్పటి వార్తలు. ఆ తుక్కుకు ఆస్‌బెస్టాస్, పీసీబీల లాంటి విషాలు అంటుకుని ఉండొచ్చని, పరీక్షించకుండా కూలీల చేత ముట్టించొద్దని పర్యావరణ సంస్థ గ్రీన్‌పీస్, పౌరహక్కుల సంస్థ పీయూసీఎల్, కార్మిక సంఘాలు గొడవ చేశాయి. కొన్నాళ్లకు వార్త చల్లారిపోయింది. తుక్కు కొలిమిలోకి పోయింది.

చెన్నైకి ఉత్తరంగా, మన సరిహద్దుకు ఆనుకునే గుమ్మిడిపూండి ఉంది. తుక్కు కరిగించే ఫర్నేసులూ కమ్మీలు లాగే రోలింగ్ మిల్లులూ అక్కడ వరసగా ఉంటాయి. తడ, సూళ్లూరుపేట, నాయుడుపేట దాటితే గూడూరు. అక్కడి కమ్మీలు లారీల్లో మా వైపు రావడం ఎప్పట్నుంచో ఉన్న వ్యాపారమే. కాబట్టి నా ప్రశ్న చిన్నది: 2002లో మా ఊళ్లో కట్టిన ఇళ్ల కమ్మీల్లో, గ్రిల్స్‌లో ఆ ఉక్కు ఉందా? ఉంటే కనిపెట్టే దారి ఉందా?

మెకానికల్ వర్క్‌షాప్‌లో పిల్లలకు ఫిట్టింగ్, గ్రైండింగ్ నేర్పేవాణ్ణి కాబట్టి పనిముట్లకు కొదవ లేదు. వేసవి సెలవులు కూడా కలిసొచ్చాయి.

జూన్ మొదట్లో

ముందు అసలు ఉక్కు సంగతి చదువుకున్నాను. జంట భవనాలకు వాడిన ఉక్కు దాదాపు రెండు లక్షల టన్నులు. అందులో 14 గ్రేడ్లున్నాయి. బయటి గోడల స్తంభాలకు వాడిన ప్లేట్లలో ఎక్కువ భాగం జపాన్‌లోని యవాటా కంపెనీ నుంచి వచ్చింది. మూడేసి స్తంభాలను కలిపి ఒక్కో ప్యానెల్‌గా సియాటిల్‌లో తయారు చేసి రైళ్ల మీద న్యూయార్క్‌కు పంపారు. ప్రతి ముక్క మీదా అది ఏ టవర్‌ది, ఎన్నో స్తంభం, ఏ అంతస్తు నుంచి ఏ అంతస్తు దాకా అనేది రాసి ఉండేది. కొన్ని అక్షరాలు పెయింటుతో, కొన్ని ఉక్కు మీదే గుద్ది.

కూలిపోయాక పరిశోధకులకు దారి చూపించింది ఆ అక్షరాలే. న్యూజెర్సీ తుక్కు యార్డుల్లో స్ట్రక్చరల్ ఇంజినీర్లు స్వచ్ఛందంగా గుట్టలెక్కి, పనికొచ్చే ముక్కల మీద ‘దాచండి’ అని ఇంగ్లీషులో స్ప్రే పెయింటుతో రాశారు. అలా దాచినవాటిలోంచి అమెరికా ప్రమాణాల సంస్థ ఎన్‌ఐఎస్‌టీ దగ్గరకు చేరినవి 236 ముక్కలు. దర్యాప్తు పూర్తి కాకుండానే ఉక్కు అమ్మేస్తున్నారని అక్కడి అగ్నిమాపక పత్రిక ఒకటి 2002 జనవరిలో ఘాటుగా సంపాదకీయం రాసింది. చదివినప్పుడు నాకూ అదే కోపం వచ్చింది. ఒక పక్క లెక్క తేల్చాల్సిన సాక్ష్యం, ఇంకో పక్క టన్నుల లెక్కన అమ్మకం.

దాచి పెట్టిన ఉక్కు కథ వేరు. కెన్నెడీ విమానాశ్రయంలో ఒక హ్యాంగర్ నిండా పెట్టి, తర్వాత అడిగిన ఊళ్లకూ అగ్నిమాపక కేంద్రాలకూ స్మారకాల కోసం పంచారు. ఏడున్నర టన్నులు కరిగించి యూఎస్‌ఎస్ న్యూయార్క్ అనే యుద్ధనౌక ముక్కు భాగంలో పోత పోశారు. ఆ ఓడ 2009లో నౌకాదళంలో చేరింది. శిథిలాల్లో దొరికిన అల్యూమినియంతో చేసిన చిన్న కవచాలు స్పిరిట్, ఆపర్చునిటీ రోవర్ల మీద అంగారకుడి దాకా వెళ్లాయి. వీటన్నిటికీ కాగితం ఉంది, ఫొటో ఉంది, సంతకం ఉంది. చెన్నైలో దిగిన సరుకుకు మాత్రం రేవు దాటాక ఏమీ లేదు.

కూల్చిన రోజు

పొద్దున ఏడింటికే జేసీబీ వచ్చింది. పిల్లర్ దగ్గర కమ్మీలు వంచకుండా జాగ్రత్తగా తీయమని మేస్త్రిని అడిగితే ఎగాదిగా చూశాడు.

“ఏంది సార్, తుప్పు పట్టిన కమ్మీలు మళ్లీ కడతారా?”

“కట్టను మేస్త్రీ. చదువుకోడానికి.”

“కమ్మీల్లో ఏం చదువుంది సార్!” అని నవ్వాడు కానీ, బ్రేకర్ పెట్టి కాంక్రీటు మెల్లగా రాల్పించాడు. సాయంత్రానికి నా వాటా చేతికొచ్చింది: పిల్లర్ నుంచి 12 ఎంఎం కమ్మీలు, స్లాబ్ నుంచి 8 ఎంఎం, రింగుల 6 ఎంఎం, కిటికీ గ్రిల్ నలుచదరపు ఊచలు. ప్రతి ముక్కకూ బైండింగ్ వైరుతో రేకు బిళ్ల కట్టి, ఎక్కడి నుంచి తీసిందో గీరి పెట్టాను. తర్వాత ఎంత పరీక్ష చేసినా, ఈ బిళ్ల ఊడితే అంతా వృథా.

వైర్ బ్రష్‌తో తుప్పు గీకి చూస్తే 12 ఎంఎం, 8 ఎంఎం రెండూ మెలి తిప్పిన టార్ స్టీలు. కమ్మీ పొడవునా గీత తాడు పేటలా చుట్టుకుంటూ పోయింది. ఇప్పుడు అందరూ వాడే టీఎంటీ అప్పటికే ఉంది, కానీ మా ఊళ్లలో టార్ స్టీలు ఇంకా నడుస్తుండేది. కమ్మీల మీద కంపెనీ పేరు ఎక్కడా లేదు.

పేరు లేకపోవడం కూడా నాకు పనికొచ్చేదే. అదే సమయంలో పక్కింటి మెట్ల కింద కొట్టేసిన ముక్కల్లో వైజాగ్ స్టీలు పేరున్న కమ్మీ ఒకటి దొరికింది. విశాఖ ప్లాంటు ముడి ఇనుప ఖనిజాన్ని బ్లాస్ట్ ఫర్నేసులో కరిగించి ఉక్కు చేస్తుంది, బయటి తుక్కు మీద ఆధారపడదు. కాబట్టి దాన్ని అనుమానితుల జాబితా నుంచి తీసేసి, పోల్చి చూడడానికి పక్కన పెట్టుకున్నాను.

ట్రంకు పెట్టె

అమ్మ ఏ కాగితమూ పారేయదు. కరెంటు బిల్లులు, సిమెంటు చీటీలు, నాన్నగారి పింఛను కాగితాలు అన్నీ ఒకే ట్రంకు పెట్టెలో. అడుగున ఇనుము కొట్టు బిల్లు దొరికింది. 2002 జులై. 12 ఎంఎం ఇన్ని కేజీలు, 8 ఎంఎం ఇన్ని కేజీలు, బైండింగ్ వైరు, హమాలీ. మిల్లు పేరు రాయలేదు. ఆ కొట్టు ఇప్పుడు లేదు.

“సరుకు మద్రాసు నించి వస్తందని చెప్పినాడు ఆ కొట్టాయన, లారీ రావాలంటే నాలుగు రోజులు ఆపినాడు,” అంది అమ్మ. ఇరవై ఏళ్లు దాటిన మాట అయినా ఆవిడకు లారీ ఆలస్యం బాగా గుర్తుంది, ఎందుకంటే ఆ నాలుగు రోజులూ మేస్త్రికి ఊరికే కూలీ ఇవ్వాల్సి వచ్చింది.

తుక్కు రేవులో దిగింది సంవత్సరం మొదట్లో, ఈ కమ్మీలు కొన్నది జులైలో. కాలం కుదిరింది, దారి కుదిరింది. అంతకు మించి ఈ బిల్లు ఏమీ చెప్పదు.

గ్రైండర్ దగ్గర

పాతకాలం పరీక్ష ఒకటి ఉంది, స్పార్క్ టెస్ట్. ఉక్కును తిరుగుతున్న రాయికి ఆనిస్తే వచ్చే నిప్పురవ్వల తీరును బట్టి కార్బన్ ఎంతుందో అంచనా కట్టొచ్చు. కార్బన్ తక్కువైతే రవ్వలు పొడుగ్గా, గడ్డిరంగులో, చీలికలు లేకుండా సాగుతాయి. ఎక్కువయ్యే కొద్దీ చివర్లో పువ్వుల్లా విరుస్తాయి. పోత ఇనుమైతే ఎర్రగా, కురచగా వస్తాయి. గది చీకటి చేసుకుని కళ్లద్దాలు పెట్టుకుని చూడాలి.

వైజాగ్ కమ్మీ, 8 ఎంఎం టార్ స్టీలు దాదాపు ఒకేలా ఉన్నాయి. 12 ఎంఎంలో మాత్రం విరుపులు కొంచెం ఎక్కువ. గ్రిల్ ఊచ ఆశ్చర్యపరిచింది. చాలా శుభ్రమైన పొడుగు గీతలు. సందు చివర్న ఉన్న ఊరూపేరూ లేని కొట్లో చేయించిన గ్రిల్ అది, చవక ఇనుమే అయ్యుంటుందనుకుంటాం కదా. ఆ శుభ్రత అక్కడ నేననుకోనిది. అప్పటికి ఏమీ అర్థం కాలేదు. బిళ్ల మీద చుక్క పెట్టి పక్కన ఉంచాను.

తర్వాత అడ్డంగా కోసి, ఎమెరీ కాగితంతో నున్నగా రుద్ది, పలచని నైట్రిక్ యాసిడ్ కలిపిన స్పిరిట్‌ను దూదితో అద్దాను. టీఎంటీ అయితే అంచు చుట్టూ ముదురు ఉంగరం కనిపిస్తుంది, ఎందుకంటే మిల్లులో నీళ్లు చల్లి పై పొరను ఒక్కసారిగా చల్లార్చుతారు. వైజాగ్ కమ్మీలో ఉంగరం చక్కగా తేలింది. టార్ స్టీలులో ఉంగరం లేదు, ఉండకూడదు కూడా. ఈ యాసిడ్ పని ఇంట్లో చేయొద్దు. వర్క్‌షాప్‌లో కిటికీలు తెరిచి, గ్లౌజులు వేసుకుని చేసినా గొంతు మండింది.

పాత ఇనుప సామాన్ల కొట్టు

గ్రిల్ ఊచ సంగతి తేలక భాయ్ దగ్గరికి పోయాను. ముప్పై ఏళ్లుగా పాత ఇనుము కొని లారీలకెక్కించే మనిషి. ఊచను చేతిలో తిప్పి, నేల మీద కొట్టి, మోత విన్నాడు.

“ఇది కరిగించింది కాదు సార్. ప్లేటు చీల్చి లాగింది.”

“ఎట్లా చెప్పగలుగుతున్నావు భాయ్?”

“అంచులు చూడండి. అప్పట్లో షిప్పు ప్లేటు ఊచలని వచ్చేవి, గ్రిల్లోళ్లకి అవే ఇష్టం. వంచితే వంగతాయి, విరగవు.”

ఆ ఒక్క మాటతో ప్రాజెక్టు మలుపు తిరిగింది. తుక్కు ఉక్కుకు రెండు దారులున్నాయి. ఒకటి, ఇండక్షన్ ఫర్నేసులో వేసి కరిగించడం. అక్కడ కారు తలుపు, కుట్టు మిషను కాలు, వంతెన ముక్క అన్నీ ఒకే ద్రవమైపోతాయి. రెండోది, మందపాటి మంచి ప్లేటు దొరికితే కరిగించకుండానే పట్టీలుగా కోసి, ఎర్రగా కాల్చి, రోలర్ల మధ్య సన్నగా లాగడం. గుజరాత్‌లోని అలంగ్ తీరంలో విడగొట్టే ఓడల ప్లేట్లలో చాలా భాగం ఇలాగే ఊచలు, యాంగిల్స్ అయింది. ఈ రెండో దారిలో ఆకారం మారుతుంది కానీ లోపలి మిశ్రమం మారదు. మొదటి మిల్లులో ఏ పాళ్లలో పోశారో ఆ పాళ్లే ఉంటాయి.

వరల్డ్ ట్రేడ్ సెంటర్ ఉక్కు మందపాటి ప్లేట్లే. వాటిలో ఏదైనా ఇలా లాగేసి ఉంటే? ఇక్కడ గుండె కొంచెం వేగంగా కొట్టుకుందని ఒప్పుకోవాలి.

ల్యాబ్ రిపోర్టు

అంబత్తూరులో ఒక టెస్టింగ్ ల్యాబ్‌కు మూడు ముక్కలు పట్టుకెళ్లాను. వాళ్లది స్పెక్ట్రోమీటర్. నున్నగా చేసిన ముఖం మీద విద్యుత్ స్పార్క్ కొట్టి, వచ్చే వెలుగును విడగొట్టి ఏ మూలకం ఎంతుందో చెబుతుంది. కౌంటర్ దగ్గర అబ్బాయి ఫారంలో ‘పరీక్ష ఉద్దేశం’ దగ్గర ఏం రాయాలని అడిగాడు. ‘స్వంత ఆసక్తి’ అని రాయించాను.

కమ్మీలకు మన ప్రమాణం ఐఎస్ 1786. అప్పట్లో మామూలుగా వాడిన ఎఫ్‌ఈ 415 గ్రేడుకు కార్బన్ 0.30 శాతం, భాస్వరం 0.060 శాతం దాటకూడదు. మా 12 ఎంఎంలో కార్బన్ హద్దులోనే ఉంది, భాస్వరం కొంచెం దాటింది. ఇండక్షన్ ఫర్నేసులో భాస్వరాన్ని తీసేయడం కష్టం, తుక్కుతో పాటు వచ్చింది వచ్చినట్టే ఉండిపోతుంది. నాకు ఎక్కువ కావలసింది రాగి అంకె. ఉక్కు కరిగించేటప్పుడు రాగి, తగరం బయటికి పోవు. పాత మోటార్ల వైండింగులు, వైర్లు తుక్కులో కలిసి ఎన్నిసార్లు కరిగితే అన్నిసార్లు పోగవుతూ వస్తాయి. వైజాగ్ కమ్మీలో రాగి 0.01 శాతం. మా పిల్లర్ కమ్మీలో 0.22. అంటే అది తుక్కు నుంచి వచ్చిన ఉక్కే, సందేహం లేదు. ఏ తుక్కు అన్నది మాత్రం, పులుసు కాగాక చింతపండు ఏ చెట్టుదో చెప్పమన్నట్టే.

గ్రిల్ ఊచ భాయ్ మాటను నిలబెట్టింది. రాగి దాదాపు లేదు, భాస్వరం తక్కువ, మాంగనీసు మాత్రం కమ్మీల కన్నా బాగా ఎక్కువ. పెద్ద మిల్లులో పద్ధతిగా పోసిన ప్లేటు లక్షణం. రాత్రి కూర్చుని ఎన్‌ఐఎస్‌టీ నివేదికల్లోని రసాయన పట్టికలతో పోల్చాను. మా అంకెలు అక్కడి కొన్ని మామూలు గ్రేడ్లకు దగ్గరగానే ఉన్నాయి. కానీ ఓడల ప్లేట్ల స్పెసిఫికేషన్ తీసి చూస్తే దానికీ అంతే దగ్గర. 1960లలో భవనానికి పోసిన మామూలు ప్లేటు, 1970లలో ఓడకు పోసిన మామూలు ప్లేటు ఒకే కుటుంబం. ఓడ ప్లేట్లు మన దేశంలోకి ఏటా లక్షల టన్నులు వచ్చేవి. ఒక్కసారి వచ్చిన 30 వేల టన్నులతో పోలిస్తే ఏది ఎక్కువ సంభవమో చెప్పనక్కర్లేదు. మా కిటికీకి ఇరవై ఏళ్లు కాపలా కాసింది ఏదో సరుకు ఓడ అయ్యుంటుంది.

జులై, కాగితం మీద లెక్కలు

2002లో మన దేశంలో తయారైన ముడి ఉక్కు సుమారు 2 కోట్ల 88 లక్షల టన్నులు. ఆ 30 వేల టన్నులూ పూర్తిగా టవర్లవే అనుకున్నా, దేశమంతా సమంగా పంచితే వెయ్యి కేజీలకు ఒక కేజీ. మా వరండాలాంటి చిన్న కట్టడంలో వాడింది అర టన్ను కూడా ఉండదు, అంటే అరకేజీ లోపు. చెన్నై చుట్టుపక్కల మిల్లులే వాడుకున్నాయనుకుంటే ఈ వాటా చాలా రెట్లు పెరుగుతుంది.

ఈ సగటు నాకు నచ్చలేదు. ఫర్నేసు సగటున కరగదు. ఒక్కో పోతకు కొన్ని టన్నులు వేస్తారు. ఆ పోతలో టవర్ ముక్క పడితే అందులోంచి వచ్చిన కమ్మీలన్నిటిలోనూ ఉంటుంది, పడకపోతే ఏ ఒక్కదాంట్లోనూ ఉండదు. కాబట్టి 2002–03లో మద్రాసు సరుకుతో కట్టిన ఏదో ఒక ఇంట్లో, సూళ్లూరుపేటలోనో, కాళహస్తిలోనో, తిరుపతిలోనో, ఆ ఉక్కు ఉండే అవకాశం బాగానే ఉంది. ఫలానా ఇంట్లో ఉందని మాత్రం ఎవరూ చెప్పలేరు.

మా స్టాఫ్‌రూమ్‌లో ఒకాయన, “ముక్కలు కోసి ట్విన్ టవర్స్ ఉక్కని అమ్మండి సార్, అమెరికాలో మనవాళ్లు కొంటారు,” అన్నాడు. సరదాకే అన్నాడు. నాకు నవ్వు రాలేదు. న్యూయార్క్‌లో చనిపోయిన 2,753 మందిలో దాదాపు 40 శాతం మంది అవశేషాలు ఇప్పటికీ ఫలానావారివని తేలలేదు. స్టాటెన్ ఐలాండ్ డంపింగ్ యార్డులో శిథిలాలను జల్లెడ పట్టి మరీ వెతికారు. అక్కడి వైద్య పరీక్షాధికారి కార్యాలయం నేటికీ డీఎన్‌ఏ పరీక్షలు చేస్తూనే ఉంది. అలాంటి చోటి ఇనుము అని చెప్పి రుజువు లేని ముక్కను ఎవరికిచ్చినా తప్పే, ఊరికే ఇచ్చినా సరే.

ఇంకో దారి: రేడియేషన్

మా అల్లుడు శ్రీహరికోట వైపు పనిచేస్తాడు. ఐసోటోపులతో ఏమైనా పట్టుకోవచ్చేమో చూడమన్నాడు. ఉక్కులో రేడియోధార్మికత కలిస్తే నిజంగానే దాని జాడ పోదు. మెక్సికోలోని హువారెజ్‌లో క్యాన్సర్ చికిత్స యంత్రం ఒకటి తుక్కు కొట్టుకు చేరింది. అందులోని కోబాల్ట్-60 గుళికలు కమ్మీల్లో, రెస్టారెంటు బల్లల కాళ్లలో కలిసిపోయాయి. 1984 జనవరిలో ఆ కమ్మీల లారీ ఒకటి అమెరికాలోని లాస్ అలమోస్ ప్రయోగశాల గేటు దాటుతుంటే అలారం మోగింది. అలా బయటపడింది. వాటితో కట్టిన ఇళ్లు వందల్లో కూల్చాల్సి వచ్చింది. 2008లో మన దేశపు ఉక్కుతో చేసిన లిఫ్టు బటన్లలోనూ కోబాల్ట్-60 ఉందని ఫ్రాన్స్‌లో పట్టుకున్నారు.

ఆ పద్ధతి ఇక్కడ పనికిరాదు. వరల్డ్ ట్రేడ్ సెంటర్ ఉక్కులో అలాంటి గుర్తు ఏదీ లేదు. దుమ్ములోని ఆస్‌బెస్టాస్, పీసీబీలు ఫర్నేసు వేడికి నిలబడవు. వాటి ప్రమాదమంతా రేవులో దించిన, యార్డులో గ్యాస్ కట్టర్‌తో కోసిన కూలీలకే. అప్పుడు గొడవ చేసినవాళ్లు అడిగిందీ అదే. కమ్మీల్ని వెతికే నాలాంటివాళ్లు ఆ చేతుల సంగతి ముందు అడగాల్సింది.

ప్రస్తుతానికి

ముక్కల్లో మూడు మాత్రం వర్క్‌షాప్ అల్మరాలో ఉంటాయి. బిళ్లల మీద ఇలా రాయించాను:

‘12 ఎంఎం టార్ స్టీలు. గూడూరు, 2002. తుక్కు నుంచి చేసిన ఉక్కు. ఏ తుక్కో తెలియదు.’

‘గ్రిల్ ఊచ. 2002. కరిగించకుండా ప్లేటు నుంచి లాగినది, బహుశా ఓడది.’

‘వైజాగ్ టీఎంటీ. పోల్చడానికి.’

మిగతావి కాలేజీ తెరవగానే సెకండియర్ పిల్లలకు బెండ్ టెస్టుకు పోతాయి. భాస్వరం ఎక్కువైన కమ్మీ వంచితే ఎక్కడ చిట్లుతుందో వాళ్ల కళ్లతో చూస్తారు.

నా వేటలో ఇనుము వంతు అయిపోయింది, ఇక కాగితాల వంతు. 2002లో మద్రాసు, గుమ్మిడిపూండి నుంచి సరుకు తెప్పించిన కొట్ల పాత స్టాకు రిజిస్టర్లు, లారీ చీటీలు, తూకం రసీదులు ఎవరి అటక మీదైనా ఉంటే పారేయకండి. మిల్లు పేరు, తేదీ ఉన్న ఒక్క చీటీ నా దగ్గరున్న కమ్మీలన్నిటికంటే ఎక్కువ చెబుతుంది. నెల్లూరు పప్పుల వీధి దగ్గర పాత ఇనుము కొట్టాయన కొడుకు వాళ్ల నాన్న ఖాతా పుస్తకాలు చూపిస్తానన్నాడు. శ్రావణమాసం పెళ్లిళ్ల సీజను అయ్యాక రమ్మన్నాడు.